తెర మీద మనూరోడు: క్యారెక్టర్ ఆర్టిస్టు లెక్క అసలెట్లా నడుస్తుంది?

కర్నూలులోనో అనంతపురంలోనో ఒక కుర్రాడు సినిమాలో రెండు నిమిషాలు కనిపించాడనుకోండి, ఊళ్లో మొదటి ప్రశ్న "ఎంతిచ్చినారంట?" అని, రెండోది "మళ్లీ ఏ సినిమాలో వస్తాడు?" అని. ఆ కుర్రాడు రెండింటికీ నసుగుతాడు. దాస్తున్నాడని మనవాళ్లు అనుకుంటారు గానీ చాలాసార్లు అతనికే తెలీదు. క్యారెక్టర్ ఆర్టిస్టు బతుకులో డబ్బు, పని, పేరు మూడూ వేర్వేరు దారుల్లో వస్తాయి, ఒకటొచ్చింది కదా అని మిగతావి వెంట రావు. ముఖం అందరికీ తెలిసి ఆరునెలలుగా పని లేనివాళ్లున్నారు, నెలలో ఇరవై రోజులు షూటింగులో ఉండి కూడా పేరేంటో ఎవరికీ తెలియనివాళ్లూ ఉన్నారు. బయటినుంచి చూస్తే చిక్కుముడే. మన సీమవాళ్ల ఉదాహరణలతోనే విప్పి చూద్దాం, ఎందుకంటే ఈ వ్యవహారంలో మనకొక ప్రత్యేకమైన లాభం, దాని వెనకే ఒక ప్రత్యేకమైన తంటా ఉన్నాయి.

ముందు ఎవరు ఎవరో తేల్చుకుందాం. పెళ్లి సీన్లో బంతిలో కూర్చున్నవాళ్లు, జాతరలో హీరో వెనక పరిగెత్తేవాళ్లు జూనియర్ ఆర్టిస్టులు. వాళ్లకు వేరే యూనియన్ ఉంది, పని ఏజెంటు ద్వారా వస్తుంది, లెక్క రోజుకూలీ లెక్క. హీరో తండ్రి, స్టేషన్లో ఎస్సై, ఎమ్మెల్యే పక్కన పీఏ, కథ మలుపు తిరిగేటప్పుడు ఒక నిజం చెప్పి చచ్చిపోయే ముసలాయన, వీళ్లు క్యారెక్టర్ ఆర్టిస్టులు. పాత్ర ఎంత చిన్నదైనా అది లేకపోతే కథలో ఒక బోల్టు ఊడిపోవాలి, అదీ తేడా. 1993లో ఏర్పడిన మూవీ ఆర్టిస్ట్స్ అసోసియేషన్, అంటే మనం ఎన్నికలప్పుడు టీవీల్లో చూసే ఆ 'మా', ఈ రెండో రకం వాళ్లది. టీవీ నటులకు మళ్లీ వేరే సంఘం.

మరి ఒకే ఒక్క డైలాగు చెప్పినవాడు ఏ పక్కన? ఇక్కడ చట్టం ఒక విచిత్రమైన గీత గీసింది, ఫీల్డులో పదేళ్లున్నవాళ్లలో కూడా చాలామంది దీన్ని పట్టించుకోరు. మన కాపీరైట్ చట్టం నటుడిని 'ప్రదర్శకుడు'గా గుర్తించి అతని ప్రదర్శన మీద 50 ఏళ్ల హక్కు ఇస్తుంది. అయితే 2012లో చేసిన సవరణ ప్రకారం, సినిమాలో ఏదో యాదృచ్ఛికంగా కనిపించి, పరిశ్రమ అలవాటు ప్రకారం టైటిల్స్‌లో కూడా పేరు పడని మనిషి ప్రదర్శకుడి కిందకు రాడు. అతని పనిని పరువు పోయేలా వక్రీకరిస్తే అడ్డుకునే హక్కు ఒక్కటి మాత్రం మిగిలింది. అంటే సినిమా చివర్లో, జనం లేచి చెప్పులు వెతుక్కుంటుంటే పైకి ఎగిరిపోయే ఆ పేర్ల వరుస ఉంది చూశారా, అది మురిసిపోవడానికి మాత్రమే కాదు. "నా పేరు వేయండి సార్" అని అడగడం చిన్నతనం అనుకుని ఊరుకునే మనవాళ్లు వదులుకుంటున్నది గొప్పలను కాదు, హక్కును.

ఇప్పుడు పని సంగతి. డైరెక్టరు ఎక్కడో చూసి మెచ్చి పిలుస్తాడని బయట నమ్మకం. హీరో, హీరోయిన్, పెద్ద విలన్ వరకు సరే. ఆ కిందికొచ్చేసరికి జాబితా తయారుచేసేది ఎక్కువగా కో-డైరెక్టరు, ఫోన్ చేసి డేట్లు అడిగేది మేనేజరు. ముప్పై చిన్నపాత్రలకు పదిరోజుల్లో మనుషుల్ని కుదర్చాల్సిన మనిషి ప్రతి పాత్రకూ ఆడిషన్ పెట్టుకుని కూర్చోలేడు, అందుకే అతని బుర్రలో గూళ్లుంటాయి. మెత్తటి తండ్రి, లంచం తినే సీఐ, నోరున్న అత్త, సీమ రెడ్డి. ఒక్కో గూట్లో మూడు నాలుగు పేర్లు. మొదటాయనకు డేట్లు కుదరకపోతే రెండో ఆయన, ఆయన ఎక్కువ అడిగితే మూడో ఆయన. క్యారెక్టర్ ఆర్టిస్టు కెరీర్ అంటే, నిష్ఠూరంగా ఉన్నా చెప్పాల్సిందే, ఏ గూట్లో ఉన్నావు, అందులో ఎన్నో పేరు నీది అన్నదే. గొప్ప నటన ఆ గూట్లోకి రానిస్తుంది, కానీ అక్కడ నిలబెట్టేవి చాలా మామూలు విషయాలు: ఏడింటికి రమ్మంటే ఏడింటికి మేకప్‌తో రెడీగా ఉండటం, పేజీ డైలాగు రెండు టేకుల్లో ఒప్పించడం, క్యారవాన్ గొడవలు పెట్టకపోవడం. హీరో ఎదురుగా ఉన్నప్పుడు ఏడు టేకులు తిన్నాడంటే ఆ కబురు సాయంత్రానికి హైదరాబాదులో సినిమావాళ్లుండే కృష్ణానగర్ దాటిపోతుంది.

ఈ గూళ్ల లెక్క సరిగ్గా అర్థం కావాలంటే జయప్రకాష్ రెడ్డి గారి కంటే మంచి ఉదాహరణ లేదు. ఆయనది సిరివెళ్ల, అప్పట్లో కర్నూలు జిల్లా, ఇప్పుడు నంద్యాల జిల్లా. వృత్తి ఉపాధ్యాయుడు, ప్రాణం నాటకం. 1988లో సురేష్ ప్రొడక్షన్స్ వారి 'బ్రహ్మపుత్రుడు'తో సినిమాల్లోకి వచ్చారు. వచ్చారు గానీ, జనం నోట్లో పేరు నానింది 1997లో 'ప్రేమించుకుందాం రా' తర్వాతే. మధ్యలో తొమ్మిదేళ్లు! గమనించండి, రెండు సినిమాలకూ బ్యానర్ ఒకటే, హీరో కూడా వెంకటేషే. ఆయన ఆ తొమ్మిదేళ్లలో కొత్తగా నటన నేర్చుకున్నారని నేననుకోను, అప్పటికే పండిన నాటకాల మనిషి. మారింది గూడు. 1988లో సీమ యాసతో మాట్లాడే పెద్దమనిషి అనే గూడే తెలుగు సినిమాకు పెద్దగా లేదు. ఫ్యాక్షన్ కథ వచ్చాక ఆ గూడు పుట్టింది, అందులో మొట్టమొదటి పేరు ఆయనదైంది. 1999లో 'సమరసింహా రెడ్డి', 2000లో 'జయం మనదేరా', దానికి ఉత్తమ విలన్‌గా నంది అవార్డు.

ఇదీ నేను మొదట చెప్పిన ప్రత్యేకమైన లాభం. అంతకుముందు మద్రాసుకో హైదరాబాదుకో పోయిన సీమ నటుడు మొదట చేయాల్సిన పని తన యాసను చంపుకోవడం. 'ఏందప్పా' అంటే నవ్వేవాళ్లు. 1997 తర్వాత అదే యాస అర్హతైంది. అయితే ఎన్ని రోజులు? ఆ తలుపు తెరుచుకున్నంత వేగంగా వెనక గడియ కూడా పడింది. సీమ యాస అంటే కేకేసే మనిషి, తెల్ల చొక్కా, సుమో, వేటకొడవలి. ఆ యాసతో ప్రేమించే మనిషి, లెక్కల మాస్టారు, బ్యాంకు క్లర్కు, కూతురికి పెళ్లి కాలేదని దిగులుపడే నాన్న తెర మీద కనపడటం అరుదైపోయింది. కడప పల్లెల్లో మాట తీరు వేరు, ఆదోని పక్క వేరు, మడకశిర, హిందూపురం పక్క కన్నడం కలిసి ఇంకా వేరు, సినిమాకు మాత్రం మూడూ కలిపి ఒకటే అరుపు. పైగా పెద్ద విలన్ కుర్చీ మళ్లీ బయటివాళ్లకే పోయింది. 2003 నాటి 'ఒక్కడు'లో కర్నూలు ఓబుల్ రెడ్డిగా వేసింది కర్ణాటక నుంచి వచ్చిన ప్రకాష్ రాజ్. 2002 'ఇంద్ర'లో ముఖేష్ రిషిది జమ్మూ. ఇద్దరూ బాగా చేశారు, వాళ్ల మీద నాకేమీ ఫిర్యాదు లేదు. కానీ మన యాస సహజంగా వచ్చినవాళ్లకు దక్కింది ఎక్కువగా ఆ కుర్చీ వెనక నిలబడే అనుచరుల వేషాలే.

జయప్రకాష్ రెడ్డి గారు ఆ గడియను రెండు వైపులనుంచి తీసే ప్రయత్నం చేశారు. ఒకటి, తన మీద పడిన ముద్రనే హాస్యం చేసుకున్నారు. 2008లో 'రెడీ' వచ్చేనాటికి అదే గర్జన వింటే జనం భయపడటం మానేసి నవ్వడం మొదలుపెట్టారు, గూడు మారకుండానే అందులో సామాను మార్చేశారు. రెండోది 'అలెగ్జాండర్' అనే ఏకపాత్ర నాటకం. ఒక్క మనిషి, రిటైరైన మిలిటరీ మేజరు, ఫోన్ పట్టుకుని నాటకమంతా తానొక్కడే మోస్తాడు. సినిమాలో ఎవరూ ఇవ్వని పాత్రను ఆయన స్టేజీ మీద తానే రాబట్టుకున్నారు. చేతినిండా సినిమాలున్న నటుడికి ఆ ఖర్మేంటి అని అనేవాళ్లకు ఈ గూళ్ల సంగతి తెలీదన్నమాట. 2020 సెప్టెంబరులో గుంటూరులో పోయేదాకా ఆయన నాటకాన్ని వదల్లేదు.

దీనికి ముందుతరంలో వేరే రకం లెక్క ఉండేది. హాస్యనటుడు పద్మనాభం గారిది పులివెందుల దగ్గర సింహాద్రిపురం, 1931లో పుట్టారు. 1951 'పాతాళ భైరవి'లో నేపాళ మాంత్రికుడి శిష్యుడు సదాజపుడు ఆయనే. ఆ సినిమా తీసిన విజయా సంస్థ నాగిరెడ్డిగారిది కడప జిల్లా, దర్శకుడు కె.వి. రెడ్డిగారిది తాడిపత్రి ప్రాంతం. మన పక్కవాళ్లు అంతమంది ఉన్నా తెర మీద సీమ యాస మాత్రం వినపడదు, అప్పటి సినిమా భాష అది కాదు మరి. విజయావాళ్లు నటులను నెలజీతం మీద పెట్టుకునేవాళ్లు, ఎన్టీఆర్ అంతటివారు కూడా మొదట్లో నెలకు 500 రూపాయల ఒప్పందంతో అక్కడ పనిచేసినవారే. జీతం చిన్నదైనా ఒకటో తారీఖున వస్తుంది. తర్వాత స్టూడియోల జీతాల పద్ధతి పోయి ఎవరికి వారు డేట్లు అమ్ముకునే కాలం వచ్చింది, అక్కడినుంచే క్యారెక్టర్ ఆర్టిస్టుకు ఇప్పుడున్న అభద్రత మొదలైంది. పద్మనాభం గారు దానినుంచి తప్పించుకోవడానికి నిర్మాతయ్యారు. 1965లో 'దేవత', 1967లో 'శ్రీశ్రీశ్రీ మర్యాద రామన్న', అందులోనే బాలసుబ్రహ్మణ్యం గారికి గాయకుడిగా మొదటి అవకాశం, 1970లో స్వయంగా దర్శకత్వం చేసి 'కథానాయిక మొల్ల'. మంచి సినిమాలే, కానీ నిర్మాణం ఆయనకు చివరికి మిగిల్చింది నష్టాలే. హాస్యనటుడి గూట్లోంచి బయటపడటానికి ఆయన పెట్టిన పెట్టుబడి అది.

ఆడవాళ్ల విషయంలో ఇదంతా ఇంకా కఠినంగా ఉంటుంది, గూడు మారేది వయసుతోనే, అదీ ఒకే దిక్కుకు. ప్రొద్దుటూరు వైపు నుంచి వచ్చిన శాంతకుమారి గారిని చూడండి. 1939లో పి. పుల్లయ్య తీసిన వేంకటేశ్వరుడి కథలో ఆవిడ పద్మావతి. 1960లో అదే పుల్లయ్య, అంటే ఆవిడ భర్తే, ఎన్టీఆర్‌తో 'శ్రీ వేంకటేశ్వర మహాత్మ్యం' తీస్తే ఆవిడ వకుళమాత. ఇరవై ఒక్క ఏళ్లలో స్వామికి భార్య నుంచి తల్లి! అప్పటికి ఆవిడకు నలభయ్యేళ్లు. ఆ తర్వాత ఎన్నో సినిమాల్లో తల్లిగానే జనానికి గుర్తు. తల్లి పాత్రలకు ఆవిడ తెచ్చిన నిండుతనం గొప్పదే, కానీ హీరోలకు అట్లాంటి నియమం ఎప్పుడైనా ఉందా?

డబ్బు దగ్గరికి వద్దాం, "ఎంతిచ్చినారంట" ప్రశ్న దగ్గరికి. ఎక్కువమందికి రోజు లెక్కన ఇస్తారు, కాస్త పేరుంటే సినిమాకింత అని ప్యాకేజీ. రోజు లెక్క వినడానికి బాగానే ఉంటుంది, ముప్పైతో గుణించి మనవాళ్లు లక్షాధికారిని చేసేస్తారు. అసలు మెలిక కాంబినేషన్‌లో ఉంది. హీరో తండ్రి వేషం ఆరు రోజుల పనే అనుకోండి, ఆ ఆరు రోజులూ హీరోతో, హీరోయిన్‌తో, ఇంకో సీనియర్ నటితో కాంబినేషన్. ముగ్గురిలో ఒకరి డేట్ వెనక్కి జరిగితే మొత్తం షూటింగే వెనక్కి జరుగుతుంది. తండ్రి వేషధారి మాత్రం పదిహేను రోజులు బ్లాక్ చేసుకుని కూర్చుంటాడు, ఈలోగా ఇంకో సినిమా వాళ్లు అడిగితే మాటిచ్చాను కాబట్టి కాదనాలి, కంటిన్యూటీ కోసం, అంటే ముందు తీసిన సీన్లతో పోలిక తప్పకుండా, పెంచిన గడ్డం తీయకూడదు కాబట్టి సీరియల్ వాళ్లు పిలిచినా పోలేడు. చివరికి డబ్బులు ఆరు రోజులకే. ఒకేరోజు "పని లేదు", "డేట్లు ఖాళీ లేవు" అనే రెండు మాటలూ ఒకే మనిషి నిజాయితీగా చెప్పగల వృత్తి ఇంకోటుందా? తీరా సినిమా లెంగ్త్ ఎక్కువైందని ఎడిటింగ్‌లో ఆ ఆరు రోజుల్లో మూడు లేచిపోతాయి. డబ్బొచ్చింది, పేరు రాలేదు, కాబట్టి గూట్లో పై మెట్టు ఎక్కలేదు.

మరి టీవీలో మళ్లీ మళ్లీ వేస్తారు కదా, ప్రతి పండక్కీ అదే సినిమా, అప్పుడేమైనా వస్తుందా? రాదు. 2012 సవరణలో ప్రదర్శనను వాణిజ్యపరంగా వాడితే నటులకు రాయల్టీ అర్హత ఉందని రాసే ఉంది. కానీ నటుడు సంతకం పెట్టే కాగితంలో సాధారణంగా ఒకేసారి మొత్తం ఇచ్చేశాం అనే అర్థం ఉంటుంది, చిన్న వేషాలకైతే అసలు కాగితమే ఉండదు, ఫోన్లో మాటే. గాయకులు సంఘంగా ఏర్పడి కొంతవరకు వసూలు చేసుకోగలుగుతున్నారు, మన నటులకు అటువంటి ఏర్పాటు బలపడలేదు.

అందుకే చాలామంది సీరియళ్ల వైపు పోతారు, అది చిన్నచూపు చూడాల్సిన విషయం కాదు. 1995లో ఈటీవీ, జెమినీ వచ్చాక, ఆ తర్వాత డైలీ సీరియళ్లు పెరిగాక, పోయిన నెలజీతం లాంటిది కొంత తిరిగొచ్చింది. పాత్ర నిలబడితే నెలకు కొన్ని రోజులు ఖాయం, అద్దె కట్టొచ్చు, పిల్లల ఫీజు కట్టొచ్చు. కానీ అక్కడి యజమాని రేటింగ్. గురువారం అంకెలు బాగాలేకపోతే ట్రాక్ మారుతుంది, మొన్నటిదాకా ఇంటికి పెద్దదిక్కుగా ఉన్న బాబాయి హఠాత్తుగా కాశీకి పోతాడు, ఇంక రాడు. ఆయనకు ఆ సంగతి ఒక్కోసారి మేనేజరు ఫోన్ చేయకపోవడం ద్వారానే తెలుస్తుంది. ఇంకొకటి, సీరియల్ భాష ఏ ఊరిదీ కాని భాష. కన్నడం నుంచి వచ్చిన నటీనటులు చాలామంది ప్రాంప్టింగ్ విని పెదాలు కదిపితే గొంతు వేరేవాళ్లది పడుతుంది. అట్లాంటి చోట సిరివెళ్ల యాసకు, చిత్రావతి ఒడ్డు యాసకు విలువేముంటుంది? సినిమాలో గేటు పాసుగా పనిచేసిన యాసే సీరియల్‌లో "కాస్త తగ్గించండి సార్" అవుతుంది.

ఇంత అనిశ్చితిలో మనవాళ్లు ఎట్లా నెట్టుకొచ్చారంటే, పక్కన ఇంకో బతుకుతెరువు ఉండటం వల్ల. తాడిపత్రిలో 1880లో పుట్టిన బళ్లారి రాఘవ గారు పెద్ద నటుడు, 1939లో 'రైతుబిడ్డ'లో కూడా కనిపిస్తారు, కానీ ఆయన్ను పోషించింది బళ్లారిలో వకీలు పని. జయప్రకాష్ రెడ్డి గారికి బడి. చాలామందికి బ్యాంకు, ఆర్టీసీ, కరెంటాఫీసు. నాటకం నేర్చుకోవడానికి ఊరు వదలాల్సిన పని కూడా లేకపోయింది, కర్నూల్లో టీజీవీ కళాక్షేత్రం, అనంతపురంలో లలితకళా పరిషత్, 1963లో మొదలైన కడప ఆకాశవాణి. సురభి నాటకాలు 1885లో పుట్టిన సురభి గ్రామం కడప జిల్లాలోనే ఉంది. సాధన ఇక్కడే దొరుకుతుంది, కూలి మాత్రం ఇక్కడ దొరకదు. మద్రాసు కాలంలో రైలెక్కితే కడపవాళ్లకు 260 కిలోమీటర్లు, ఇప్పుడు హైదరాబాదుకు కర్నూలు నుంచి సుమారు 210. అనంతపురానికి హైదరాబాదు కంటే బెంగళూరే చాలా దగ్గర, కన్నడం వచ్చిన మన నటులు అటువైపు ఎందుకు చూడరో నాకిప్పటికీ అర్థం కాదు. 210 కిలోమీటర్లంటే రాత్రి బస్సెక్కితే తెల్లారేసరికి దిగొచ్చు, కాబట్టి ఊళ్లోనే ఉండి చేయొచ్చని అనుకుంటారు. నాలుగైదు రోజుల వేషాలకు సరే. కానీ రేపు ఎవరో రాలేదు, పొద్దున్నే రాగలవా అని రాత్రి తొమ్మిదికి వచ్చే ఫోన్ ఉంటుంది చూడండి, గూట్లో మూడో పేరు మొదటి పేరయ్యేది చాలాసార్లు ఆ ఫోన్‌తోనే, అది కృష్ణానగర్‌లో గది ఉన్నవాడికే అందుతుంది. ఉద్యోగం మానేసి రూము తీసుకోమని నేను ఎవరికీ చెప్పను, సెలవు పెట్టుకునే వీలున్న ఉద్యోగం ఉంటే దాన్ని పట్టుకునే చేయమంటాను.

ఈమధ్య గాలి కాస్త మారింది. వెబ్ సిరీస్‌లు, చిన్న సినిమాలు సింక్ సౌండ్‌లో తీస్తున్నారు, అంటే సెట్లో మాట్లాడిన గొంతే తెర మీద వినపడుతుంది. నటుడు తన మాట తానే సహజంగా చెప్పగలగాలి. తెలంగాణ మాండలికంలో మామూలు కుటుంబాల కథలు వచ్చి ఆడాక సీమ మాటకూ అట్లాంటి చోటు ఉండొచ్చని కొందరు రాస్తున్నారు. కొడవలి లేని సీమ తండ్రి గూడు ఒకటి పుడితే అందులో మొదటి పేర్లు ఎవరివో ఇంకా ఖాయం కాలేదు, అదొక్కటే ఇప్పుడు కొత్తగా పోయేవాళ్లకున్న వీలు.

పోయేవాళ్లకు నేను చెప్పేది ఆశల గురించి కాదు, కాగితాల గురించి. వేషం ఒప్పుకునేటప్పుడే టైటిల్స్‌లో పేరు పడుతుందా, ఏ స్పెల్లింగ్‌తో, డబ్బింగ్ మీరే చెబుతారా, దానికి వేరే డబ్బులా లేక రోజు లెక్కలోనేనా, ఊరినుంచి వచ్చిపోయే ఖర్చు ఎవరిది, ఇవి వాట్సాప్‌లో అయినా సరే రాతలో తీసుకోండి, సంతకాల ఒప్పందం అడిగే స్థాయి రాకపోయినా మెసేజ్ అడిగే స్థాయి మొదటిరోజు నుంచే ఉంటుంది. చెక్కు ఇచ్చేటప్పుడు ఒక పరిమితి దాటితే సాధారణంగా 10 శాతం టీడీఎస్, అంటే ఆదాయపన్ను కింద ముందే పట్టుకునే డబ్బు, కోస్తారు. పాన్ నంబరు సరిగ్గా ఇచ్చారో లేదో, ఆ కోసింది మీ పేరు మీద కట్టారో లేదో ఆదాయపన్ను పోర్టల్‌లో చూసుకోవచ్చు. ఏడాది మొత్తం సంపాదన పన్ను పరిధిలోకే రానివాళ్లు కూడా రిటర్న్ వేస్తే ఆ డబ్బు వెనక్కి వస్తుంది. చాలామంది వేయరు, "ఆ నాలుగు వేలకు ఎవరు తిరుగుతారులే" అంటారు, అదే మనిషి అంతకంటే తక్కువ డబ్బుల బ్యాలెన్స్ పేమెంట్ కోసం ప్రొడక్షన్ ఆఫీసు చుట్టూ మూడు నెలలు తిరుగుతాడు.